గచ్చు మీద నీళ్లబొమ్మలు

మా మంగతాయారత్తయ్య వేసిన బొమ్మ ఒక్కటీ నా దగ్గర లేదు. నా దగ్గరే కాదు, ఈ భూమ్మీద ఎవరి దగ్గరా లేదు. తక్కువలో తక్కువ నాలుగైదు వందలు వేసుంటుంది, అన్నిటినీ ఎండ తాగేసింది. అంచేత నేను చెప్పేది నమ్మితే నమ్మండి, లేకపోతే మానేయండి. బతిమాలే అలవాటు నాకు లేదు. పలాసలోనూ కాశీబుగ్గలోనూ నా నోటికి జడవని వాళ్లు లేరని మా ఆయనే అంటారు, కావలిస్తే అడగండి.

ఆవిడ పోయి ఇరవయ్యేళ్లు దాటింది. చివరి రోజుల్లో ఇంట్లోనే ఆడపిల్లలకి హిందీ పరీక్షలకి చెప్పేది. నేనొకసారి రంగులపెట్టె, డ్రాయింగు కాయితాలు కొనిచ్చాను. "ఇవెందుకే, ఇవి ఉండిపోతాయి" అని నవ్వి బీరువాలో పెట్టేసింది. ఒక్క గీత గీయలేదు. నాకు ఒళ్లు మండిపోయింది గానీ ఏం చేస్తాం, ఆవిడ తత్వం అంతే.

మా నాన్న నరహరి పలాస స్టేషన్లో బుకింగు క్లర్కు. అత్తయ్య ఆయన చెల్లెలు. పదిహేడో ఏట పూండి అవతల ఉద్దానం పల్లెలో అర్చకులింటికి కోడలిగా వెళ్లింది. ఇంటి వెనక కొబ్బరితోట, దాని వెనక జీడితోట, దాని వెనక సముద్రమట. రెండేళ్లు తిరక్కుండానే మామయ్య టైఫాయిడుతో పోయాడు. పందొమ్మిదేళ్ల మనిషి, బొట్టు లేని నుదురుతో మా గుమ్మంలో దిగింది. నాకప్పుడు ఏడేళ్లు. రిక్షావాడికి డబ్బులివ్వడానికి కూడా ఎవరికీ గుర్తు రాలేదు, పాపం వాడు చాలాసేపు అలాగే నిలబడ్డాడు.

ఇంట్లో పెద్దది మా మామ్మ, లక్ష్మీకాంతమ్మ. అత్తయ్యకి కన్నతల్లి. కన్నతల్లి కదా, కాస్త చూసీ చూడనట్టు పోతుందేమో అనుకుంటారా? అబ్బే! పరాయి అత్తగారైనా నయం. పెళ్లికి ముందు మా వీధిలో అత్తయ్య ముగ్గంటే ముగ్గే. చుక్కలు పెట్టేది కాదు, చెయ్యెత్తకుండా వాకిలంతా తిప్పుకుంటూ పోయేది. తిరిగొచ్చిన మర్నాడు పొద్దున్నే, అలవాటు ఎక్కడికి పోతుంది, ముగ్గుగిన్నె పట్టుకుని వాకిట్లోకి వెళ్లింది. మామ్మ వెనకాలే వెళ్లి చేతిలోంచి గిన్నె తీసేసుకుంది. "ఇంక నీ చేత్తో ముగ్గెయ్యకూడదే మంగా" అంది. తిట్టలేదు, కొట్టలేదు. గిన్నె తెచ్చి మా అమ్మకిచ్చి జపానికి కూర్చుంది. అత్తయ్య వాకిట్లో ఖాళీ చేతులతో కాసేపు నిలబడి లోపలికొచ్చి అంట్లు తోమింది.

ఎనిమిదేళ్లు అలాగే గడిచాయి. అంట్లు, వంట, మడి, పిండి విసరడం. నోట్లో నాలుక లేని మనిషని ఊరంతా మెచ్చుకునేవారు. నాకు ఆ మెచ్చుకోలు వింటే చిరాకేసేది.

అరవై ఆరు ఎండాకాలం. నాకు పదిహేనేళ్లు. మా పెరట్లో పెద్ద సిమెంటు గచ్చు ఉండేది. దాని మీద ఒక పక్కన వడియాలు పెట్టి, కాకుల్ని తోలడానికి అత్తయ్యని కాపలా కూర్చోబెట్టేవారు. మధ్యాహ్నం మామ్మ కునుకు తీసేది. ఓ రోజు వంటింటి కిటికీలోంచి చూద్దును కదా, ఈవిడ తడిగుడ్డ ఒకటి మోకాళ్ల కింద వేసుకుని, చెంబులో కొబ్బరిపీచు ముంచి, గచ్చు మీద ఏదో రాస్తోంది. గబగబా రాయడం, వెనక్కి జరగడం, మళ్లీ ముంచడం. కాళ్లు కాలుతున్నాయేమో, మధ్యమధ్యలో గెంతుతోంది. నాకు నవ్వాగలేదు. పిచ్చిగాని పట్టిందేటి అనుకుని బయటికి పరిగెత్తాను.

చేప. నా చెయ్యంత చేప. నేను దగ్గరికెళ్లేసరికి తోక ఆరిపోతోంది. తర్వాత పొలుసులు, తర్వాత పొట్ట. కన్ను దగ్గర మాత్రం ఎక్కువ నీళ్లు పోసింది గావును, చేపంతా పోయాక కూడా కన్నొక్కటీ నల్లగా నన్నే చూస్తూ ఉండిపోయింది. కాసేపటికి అదీ లేదు. తెల్లటి గచ్చు.

"మళ్లీ వెయ్యి అత్తయ్యా" అన్నాను. ఎనిమిదేళ్లలో ఆవిడ మొహంలో అలాంటి నవ్వు నేను చూడలేదు. నిజం చెప్తున్నాను, నాకు ఏడుపొచ్చింది.

అలా మొదలైంది. ఆ పని వినడానికి తేలికే గానీ, చెయ్యబోతే తెలుస్తుంది. నేను ప్రయత్నించాను, నావల్ల కాలేదు. పల్చగా రాసిన గీత ముందు ఆరుతుంది, ఒత్తుగా పోసింది చివరిదాకా ఉంటుంది. ఏది ముందు పోవాలో, ఏది తర్వాత పోవాలో, ఏది మిగలాలో అన్నీ ముందే మనసులో లెక్క వేసుకుని గీసేది. గీయడం సగమే, అసలు బొమ్మ ఆరడంలో ఉండేది. తెప్ప వేసేది. ముందు తెరచాప పోయేది, తర్వాత తెప్ప, తర్వాత తెడ్డు. సముద్రం మాత్రం ఇంకా ఉండేది. మెయిలు బండి వేసేది, ఇంజనూ పొగా పది పెట్టెలూ. ఒక్కో పెట్టే ఆరుకుంటూ ఇంజను దాకా వచ్చేది. బండి వెళ్లిపోతున్నట్టే ఉండేది. వీధిలో పిల్లగుంటలు గట్టు మీద నిలబడి దానికి చేతులూపేవారు. నేనూ ఊపేదాన్ని, ఇప్పుడు చెప్పుకోడానికి సిగ్గెందుకు.

మొదట నేనొక్కదాన్నే. తర్వాత మాకు కొబ్బరికాయలు తెచ్చే బొడ్డమ్మ చూసింది. వాళ్లది ఉద్దానం, అత్తయ్య అత్తవారి ఊరి పక్క ఊరే. గంప దింపి గచ్చు పక్కన కూలబడి, "ఓలమ్మో! ఏటి సేత్తన్నారు మంగమ్మగారూ? ఇది మా యేపు సంద్రమేనమ్మా! మా తెప్పలేనమ్మా ఇవి!" అని బుగ్గలు నొక్కుకుంది. ఆవిడ నోరు నా నోటికేం తీసిపోదు. వారం తిరిగేసరికి వీధిలో ఆడవాళ్లందరికీ మా పెరట్లోనే వడియాలు ఎండబెట్టుకోవాలని బుద్ధి పుట్టింది.

ఇంతమంది చేరాక మామ్మకి తెలియకుండా ఉంటుందా? ఓ మధ్యాహ్నం నిద్ర మానేసి వచ్చేసింది. "ఏటే మంగా ఇది? ముగ్గా?" అంది. "కాదమ్మా. నీళ్లు" అంది అత్తయ్య. మామ్మ అక్కడే నిలబడి, కొంగు నెత్తిన కప్పుకుని, బొమ్మ మొత్తం ఆరేదాకా చూసింది. ఆరాక వంగి గచ్చు తడిమింది. "ఉంటే ముగ్గనేదాన్ని. లేనిదాన్ని ఏమంటాం?" అని లోపలికెళ్లిపోయింది. అదీ మా ఇంటి చట్టం. పోయేదైతే వెయ్యొచ్చు, ఉండేదైతే కూడదు.

ఒక్క బొమ్మ మాత్రం అత్తయ్య ఒక్కసారే వేసింది. కొబ్బరిచెట్టు కింద ఇద్దరు కూర్చున్నారు, మగమనిషీ ఆడమనిషీ. మగమనిషిని పల్చటి నీళ్లతో గీసింది. చూస్తుండగానే పోయాడు. ఆడమనిషి అలా కూర్చునే ఉంది. చాలాసేపు కూర్చుంది. బొడ్డమ్మ కొంగుతో మొహం కప్పుకుంది. అత్తయ్య మాత్రం మామూలుగా చెంబు తీసుకుని నూతి దగ్గరికి వెళ్లిపోయింది.

ఆ సాయంత్రం నేనే అన్నాను. "నా పెళ్లికి ముగ్గు నువ్వే వెయ్యాలి అత్తయ్యా. నీళ్లతో కాదు, పిండితో."

అత్తయ్య నవ్వలేదు. "మీ మామ్మ ఎదురుగా అడగ్గలవా?" అంది.

"నాకేం భయం? అందరి ముందూ అడుగుతాను" అన్నాను.

"అయితే మాట తప్పకే. ఆరిపోని బొమ్మ ఒక్కటంటే ఒక్కటి వేసి పోతాను" అంది.

ఆవేళ నుంచి ఆ ముగ్గే ఆవిడ లోకమైపోయింది. ఈ మూల లతలు ఎలా ఉండాలి, పీటల చుట్టూ పద్మం ఎన్ని రేకులు, ఏ రేకు ఎటు తిరగాలి, రోజూ ఒక్కో ముక్క గచ్చు మీద నీళ్లతో వేసి చూసుకునేది. "ఇది నీ ముగ్గులోదే" అని నాకు చూపించేది. చూస్తుండగానే ఆరిపోయేది. మర్నాడు ఇంకో ముక్క. అలా రెండేళ్లు. నాకింకా సంబంధాలే చూడటంలేదు, ఆవిడకి ముగ్గు మొత్తం సిద్ధమైపోయింది.

ఇంతలో టెక్కలి గొడవ వచ్చిపడింది. అక్కడ ఒక హైస్కూల్లో డ్రాయింగు మాస్టారు జోగారావుగారని నాన్నకి స్నేహితుడు. మా ఇంటికి భోజనానికొచ్చి మెయిలు బండి బొమ్మ చూశాడు. చేతిలో మజ్జిగ గ్లాసు అలాగే ఉండిపోయింది. "నరహరిగారూ, దీనికి పెద్దపెద్ద పట్నాల్లో ఏదో పేరుంటుందండీ. ఆ పేరేటో నాకూ తెలీదు గానీ ఉండి తీరుతుంది" అన్నాడు. తమ బడి వార్షికోత్సవానికి అత్తయ్య వచ్చి పిల్లల ముందు వెయ్యాలని పట్టుబట్టాడు. మామ్మని అడిగితే "పోయేదే కదా, వెళ్లిరానీ" అంది.

అరవై ఎనిమిది మార్చి. బస్సులో నేనూ అత్తయ్యా వెళ్లాం. ఆవిడ ఇస్త్రీ తెల్లచీర కట్టుకుని, కొత్త కొబ్బరిపీచు నాలుగు చుట్లు సంచీలో పెట్టుకుంది. బడి ముందు ప్రార్థన చేసే చోట పెద్ద సిమెంటు అరుగు. చుట్టూ మూడు వందలమంది పిల్లలు. పన్నెండింటికి తెప్ప మొదలెట్టింది, అంత పెద్దది అదివరకెప్పుడూ వెయ్యలేదు. వేసి, లేచి పక్కన నిలబడింది.

ఆకాశం చూసుకోలేదు. మేమెవరమూ చూసుకోలేదు. ఎక్కడి నుంచి వచ్చిందో మబ్బు, సూర్యుణ్ణి మింగేసింది. గాలి లేదు. తెరచాప పోదు, తెప్ప పోదు. పిల్లలు "ఎప్పుడు మాయమవుద్ది మాస్టారూ?" అని అడుగుతున్నారు. పావుగంట, అరగంట. బొమ్మ అలాగే ఉంది. అంతలో పెద్దమనుషుల భార్యలు హారతిపళ్లెం పట్టుకుని వచ్చారు, ముఖ్య అతిథికి ఇవ్వడానికి. అందులో ఒకావిడ అరుగు చూసి, అత్తయ్య నుదురు చూసి, "ఎవరేసారీ ముగ్గు? శుభమా అని ఉత్సవం చేసుకుంటూ విధవరాలి చేత ముగ్గేయిస్తారా?" అంది.

"ముగ్గు కాదమ్మా, నీళ్లు. పోతుంది" అన్నాడు జోగారావుగారు.

"పోలేదుగా!"

నేనూరుకున్నానా? ఆవిణ్ణి, ఆవిడ హారతిపళ్లేన్ని, ఆవిడ ముత్తైదువతనాన్ని కలిపి కడిగేశాను. మూడు వందలమంది నోళ్లు తెరుచుకుని చూశారు. ఈలోగా అత్తయ్య మోకాళ్ల మీద కూర్చుని, తన పమిటకొంగుతో తెప్పనీ సముద్రాన్నీ తుడిచేస్తోంది. ఆవిడ బొమ్మ ఆవిడే తుడుచుకోవడం నేనప్పుడే చూశాను.

తిరుగు బస్సులో "ఎండ లేకపోతే నేను ముగ్గేసినట్టేనన్నమాట" అని కిటికీలోంచి చూస్తూ నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

సంగతి మా కన్నా ముందే ఇంటికి చేరింది. "ఇంక నీళ్లు కూడా వద్దు" అంది మామ్మ. అంతే. ఆ ఏడు వడియాలకి కాపలా కూడా అమ్మే కూర్చుంది. అత్తయ్య మాత్రం నన్ను ఒక్కటే అడిగింది. "నువ్వన్న మాట ఉంది కదే?" "ఉంది" అన్నాను. "టెక్కలిలో చూశావు కదా, నా నోరు!" అన్నాను.

మరుసటి ఏడు వైశాఖంలో నా పెళ్లి. ఇచ్ఛాపురం సంబంధం, అబ్బాయి భానుమూర్తి. వాళ్లింట్లో తెలుగు సగం, ఒడియా సగం. ఆ ఏడు నక్సలైట్ల గొడవతో ఊళ్లన్నిటా పోలీసు లారీలు తిరుగుతున్నాయని ముహూర్తం పగటిపూట పెట్టించారు. వారం రోజుల ముందు నుంచీ అత్తయ్య బియ్యం నానబోసి, ఆరబెట్టి, పిండి విసిరి, మూడుసార్లు గుడ్డలో జల్లించింది. ఎందుకని ఎవరూ అడగలేదు. పెళ్లింట్లో పిండి దేనికైనా కావాలి కదా అనుకున్నారు. నాకు తెలుసు. ఆవిడకి తెలుసు.

పెళ్లిరోజు పొద్దున్నే నాకు పారాణి పెట్టి హాల్లో కూర్చోబెట్టారు. మా కాబోయే అత్తగారు, ఆవిడ తోడికోడళ్లు, పెద్దతల్లులు, పన్నెండుమంది ఆడవాళ్లు చాప మీద బారుగా కూర్చున్నారు. మామ్మ ముగ్గుగిన్నె పట్టుకుని వచ్చింది. "పెళ్లిపీటల దగ్గర ముగ్గెవరేస్తారర్రా?" అంది.

కొట్టుగది తలుపు దగ్గర అత్తయ్య నిలబడి ఉంది. సగం తలుపు చాటున, సగం బయట. నావైపే చూస్తోంది.

ఇంత నోరున్నదాన్ని. టెక్కలిలో పరాయి ఊళ్లో అంతమందిని దులిపేసినదాన్ని. అక్కడ నాకు పోయేదేమీ లేదు, అదీ సంగతి. ఇక్కడ మా అత్తగారు కూర్చుంది. పీటల మీద పెళ్లి ఆగిపోతుందేమో, నాన్న మొహం ఎలా చూడటం, ఆ అబ్బాయి ఏమనుకుంటాడు, ఇన్నీ ఒక్కసారే వచ్చి మీద పడ్డాయి. నేను తల వంచుకుని పారాణి చూసుకున్నాను. అమ్మ పిన్నికూతురెవరో గిన్నె అందుకుంది. తల ఎత్తేసరికి కొట్టుగది తలుపు మూసి ఉంది. మూసిన చప్పుడు కూడా వినపడలేదు.

పెళ్లి బాగానే అయ్యింది. ఆ ముగ్గు కూడా బాగానే ఉంది, ఎనిమిది చుక్కల ముగ్గు, అందరూ వేసేదే. భోజనాలయ్యాక, మధ్యాహ్నం పాసింజరుకి బయల్దేరాలని నా ట్రంకుపెట్టె కోసం కొట్టుగదికి వెళ్లాను. పెట్టె తేవడానికి మనుషులు లేకపోలేదు. నేనే వెళ్లాను.

తలుపు తీస్తే చీకటి. బియ్యం బస్తాల మధ్య అత్తయ్య గోడకి ఆనుకుని కూర్చుంది. పక్కన చెంబు, చేతిలో కొబ్బరిపీచు. కళ్లు అలవాటు పడ్డాక నేల కనిపించింది. పద్మం, రేకులు, నాలుగు మూలలా లతలు. గచ్చు మీద రెండేళ్లు ముక్కలుముక్కలుగా చూసిన నా ముగ్గు, మొత్తం, గది నిండా. తడితడిగా మెరుస్తోంది.

"ఆరనివ్వలేదే" అంది. "ఇటు పక్క ఆరితే ఇటు దిద్దుతున్నాను, అటు పక్క ఆరితే అటు. పొద్దుట్నించీ. నువ్వొస్తావని తెలుసు."

ఎండ రాని గది, ఆరడం ఎంతసేపో పడుతుంది నిజమే. అయినా ఆరు గంటలు. ఆవిడ వేళ్లు నీళ్లకి నాని తెల్లగా ముడతలు పడిపోయాయి. మోకాళ్ల దగ్గర చీరంతా తడి. నేను ఆవిడ కాళ్ల మీద పడబోయాను. చెయ్యడ్డం పెట్టింది.

"ఏడవకు. తొక్కు. పెళ్లికూతురు తొక్కితేనే అది పెళ్లి ముగ్గు."

తొక్కాను. పద్మం మధ్యలో నిలబడ్డాను. నా పారాణి కరిగి ఎర్రగా గీతల వెంట పాకింది. మూడేళ్లలో ఆవిడ బొమ్మకి రంగు రావడం అదే మొదలు. అత్తయ్య వంగి వంగి చూసింది. "బాగుందే జానకీ" అంది. నా పేరు పెట్టి పిలవడం ఎప్పుడూ అలవాటు లేదు ఆవిడకి.

నేను బయటికొస్తూంటే హాలంతా ఎర్రటి తడి అడుగులు పడ్డాయి. మా అత్తగారు చూసింది. "ఈ తడేటి?" అంది. అమ్మ కంగారుగా తుడవడానికి గుడ్డ తెచ్చింది. మామ్మ వచ్చింది. అడుగులు చూసింది. ఆ అడుగుల వెంటే నడిచి, కొట్టుగది గుమ్మంలో నిలబడి, లోపలికి తొంగి చూసింది. చాలాసేపు చూసింది. అయిపోయింది, ఇవాళ అత్తయ్య బతుకు తెల్లారిపోయింది అనుకున్నాను.

మామ్మ వెనక్కి తిరిగి అమ్మ చేతిలో గుడ్డ లాక్కుంది. పెళ్లివారందరి ముందూ, గట్టిగానే అంది. "ఎవరూ అటు నడవకండి. మా మంగ ముగ్గేసింది."

మా అత్తగారు కాళ్లు ముడుచుకుని చాప మీద పక్కకి జరిగింది. పెళ్లి చెడలేదు, సంబంధం చెడలేదు, ఆకాశం విరిగి పడలేదు. పిండిగిన్నె ఆ మూల బల్ల మీద సగం నిండుగానే ఉంది, పిండితో ముగ్గు వేసే వేళ మాత్రం దాటిపోయింది.

"మా అత్తయ్య వేస్తుంది" అన్న మాట పొద్దున నేను అనుండాల్సింది. అన్లేదు.